సంతకానికి ముందు ఒక ఎర్ర పెన్సిలు

నా బీరువాలో ఒక అరఠావు కాగితం ఉంది. 2006లో నా మొదటి కథల సంపుటి వేసిన ప్రచురణకర్తకు రాసిచ్చిన కాగితం నకలు అది. మూడే వాక్యాలు. "పై పుస్తకంపై సర్వహక్కులూ ప్రచురణకర్తకు దఖలు పరుస్తున్నాను. ప్రతిఫలంగా మూడు వేల రూపాయలు, ఇరవై అయిదు ప్రతులు ముట్టినవి. ఇది నా ఇష్టపూర్వకంగా రాసి ఇచ్చినది." కింద నా సంతకం, గుండ్రంగా, పొంగిపోతూ ఉంటుంది. పుస్తకం వస్తోందన్న సంబరంలో ఆ రోజు తెల్లకాగితం ఇచ్చినా సంతకం పెట్టేదాన్నేమో.

పదమూడేళ్ల తర్వాత ఒక పాఠకురాలు ఫోను చేసి, "మీ కథలు విన్నానండీ, చాలా బాగున్నాయి" అంది. చదివాను అనబోయి విన్నాను అందేమో అనుకున్నాను. కాదు. ఒక ఆడియో యాప్‌లో నా పదకొండు కథలూ ఉన్నాయి. నాకు ఒక్క మాట కూడా చెప్పలేదు. అది కూడా సర్దుకుపోయేదాన్నేమో గాని, ఆఖరి కథలో చివరి ఒకటిన్నర పేజీ ఎగిరిపోయింది. నా కథలో ఆవిడ తలుపుకు తాళం వేసి, తాళంచెవి పక్కింటి గోడ మీద పెట్టి వీధిలోకి నడుస్తుంది. ఆడియోలో గుమ్మం దగ్గర నిలబడి ఏడుస్తూ ఉండగా సంగీతం వచ్చేసింది. ఇరవై ఏళ్లుగా ఏడుస్తున్న ఆవిడను వీధిలోకి పంపడం కోసమే ఆ కథ రాశాను.

ప్రచురణకర్తకు ఫోను చేస్తే, "సర్వహక్కులూ ఇచ్చారు కదమ్మా" అన్నారు, ఎంతో మర్యాదగా.

మా పెద్దమ్మ కూతురు అడ్వకేటు. కాగితం తీసుకెళ్లి, "అక్కా, నా తలరాత నేనే రాసుకున్నాను" అన్నాను. అక్క రెండు వైపులా తిప్పి చూసి, "ఎంతకాలానికి ఇస్తున్నావో ఇందులో లేదు. కాబట్టి అయిదేళ్లకే ఇచ్చినట్టు. 2011తో చెల్లిపోయింది. ఇది వాళ్లను కాపాడే కాగితం కాదు, నిన్ను కాపాడే కాగితం" అంది.

అది 1957 నాటి మన కాపీరైట్ చట్టం, సెక్షన్ 19, ఉపసెక్షన్ 5. బదలాయింపు కాగితంలో గడువు రాయకపోతే దాన్ని అయిదేళ్లుగా భావించాలి. ఒక్క వాక్యం. అది తెలియక ఎనిమిదేళ్లు నా కథలు నావి కావనుకుని బతికాను. రిజిస్టర్డ్ పోస్టులో ఒక లేఖ పంపాం, ఆ తర్వాత ఇంకో లేఖ. ఏడు నెలలకు రికార్డింగులు తొలగించారు, వచ్చిన డబ్బులో నా వాటా చేతికి ఇచ్చారు. కోర్టు మెట్లు ఎక్కే పని పడలేదు.

అప్పటి నుంచి స్నేహితులు తమ ఒప్పందాలు నా దగ్గరకు తెస్తున్నారు. నేను అడ్వకేటును కాను. తగాదా ముదిరితే అడ్వకేటు దగ్గరకే వెళ్లాలి. కాని తగాదా రాకముందు, సంతకం ఇంకా పెట్టకముందు, ఒక ఎర్ర పెన్సిలు పట్టుకుని చేయగల పని చాలా ఉంది. నేను చేసేది అదే.

హక్కు ఎక్కడ మొదలవుతుంది

రాయడంతోనే. కాగితం మీదో కంప్యూటర్‌లోనో కథ పూర్తయిన క్షణం నుంచి అది మీది. రిజిస్టర్ చేయించకపోయినా మీదే. పుస్తకం లోపలి పేజీలో వృత్తంలో సి అక్షరం ముద్రించకపోయినా మీదే. కాపీరైట్ మీద 1886లో కుదిరిన అంతర్జాతీయ ఒప్పందం, బెర్న్ ఒప్పందంలో ఉన్న దేశాలన్నిటా ఇదే పద్ధతి. మన దేశం 1928 నుంచి అందులో ఉంది.

అయితే చట్టం కాపాడేది రాతను, ఆలోచనను కాదు. 1978లో సుప్రీంకోర్టు ఆర్.జి. ఆనంద్ కేసులో ఇది తేల్చి చెప్పింది. ఒక నాటక రచయిత తన నాటకం ఇతివృత్తాన్నే సినిమాగా తీశారని దావా వేస్తే, ఇతివృత్తం ఒకటే అయినంత మాత్రాన చాలదు, దాన్ని చెప్పిన తీరును ఎత్తుకుని ఉండాలి అంది. శీర్షికకు కూడా కాపీరైట్ లేదు. 2015లో అదీ సుప్రీంకోర్టే చెప్పింది. అందుకే సినిమావాళ్లకు కథ నోటితో చెప్పి వచ్చేవాళ్లను చూస్తే నాకు గుండె దడ. చెప్పేముందు రాయండి. సన్నివేశాలతో, సంభాషణలతో వివరంగా రాసి, ఎవరికి చెప్పబోతున్నారో వాళ్లకు ఈమెయిల్‌లో పంపి, ఆ తర్వాత చెప్పండి.

రిజిస్ట్రేషన్ దండగ అని మాత్రం అనను. కాపీరైట్ ఆఫీసు రిజిస్టరులో ఉన్న వివరాలను కోర్టు ప్రాథమిక సాక్ష్యంగా తీసుకుంటుంది. సాహిత్య రచనకు రుసుము అయిదు వందలు. దరఖాస్తు ఆన్‌లైన్‌లోనే. ఎవరైనా అభ్యంతరం చెప్పడానికి ముప్పై రోజులు ఆగుతారు, ఆ తర్వాత పరిశీలిస్తారు. నేను రెండింటినే రిజిస్టర్ చేయించాను, రెండూ సినిమా కోసం అడిగిన కథలే. రాతప్రతిని తనకు తానే రిజిస్టర్డ్ పోస్టులో పంపుకుని కవరు విప్పకుండా దాచుకునే అలవాటు పాతతరంలో చాలామందికి ఉండేది. చట్టంలో ఎక్కడా ఆ కవరు ప్రస్తావన లేదు. తేదీకి ఏదో కొంత ఆధారం కావచ్చు, రిజిస్ట్రేషన్‌కు సాటిరాదు.

పెన్సిలు మొదట ఎక్కడ ఆగాలి

క్రియాపదం దగ్గర. "బదలాయిస్తున్నాను" అని ఉందా, "అనుమతి ఇస్తున్నాను" అని ఉందా? మొదటిది పొలం అమ్మడం, రెండోది కౌలుకివ్వడం. కౌలుకిస్తే పొలం మీ పేరునే ఉంటుంది, గడువు తీరగానే గట్టు మీదికి మీరు వెళ్లొచ్చు. పుస్తకం వేయడానికి ప్రచురణకర్తకు కౌలు చాలు. చట్టం దీన్ని లైసెన్సు అంటుంది. అదీ రాతపూర్వకంగా ఉండాలి. బదలాయింపు అయితే మీ సంతకం ఉన్న కాగితం లేనిదే చెల్లదు. కథల పోటీ ప్రకటనల్లో "పోటీకి వచ్చిన రచనలపై సర్వహక్కులూ మావే" అని అడుగున చిన్న అక్షరాల్లో వేస్తారు. మీరు సంతకం పెట్టని ఆ వాక్యం వల్ల మీ కథ అమ్ముడైపోదు. అయినా నేను అలాంటి పోటీలకు పంపను. అది వేరే సంగతి, ఒళ్లుమంట.

తర్వాత "సర్వ", "సమస్త", "శాశ్వతంగా" అనే మాటల చుట్టూ సున్నాలు చుడతాను. కాపీరైట్ అనేది ఒక హక్కు కాదు, కట్ట. సెక్షన్ 14 విప్పి చూస్తే అచ్చువేసే హక్కు, జనం ముందు ప్రదర్శించే హక్కు, అనువదించే హక్కు, సినిమాగానో ఆడియోగానో మలిచే హక్కు, ఒక ప్రక్రియ నుంచి ఇంకో ప్రక్రియలోకి మార్చే హక్కు అన్నీ విడివిడిగా కనిపిస్తాయి. తెలుగులో అచ్చుపుస్తకం వేసే ప్రచురణకర్తకు కావలసింది ఆ కట్టలో ఒక పుల్ల. ఈ-పుస్తకం కూడా వాళ్లే వేస్తామంటే రెండో పుల్ల, దానికి రాయల్టీ వేరుగా రాయాలి. మిగతావి ఎందుకు ఇవ్వాలి? "ఏమో, ఎప్పుడైనా అవసరం పడొచ్చు" అంటారు. పడినప్పుడు అడగండి, ఇస్తాను అనాలి. ఇది అనడానికి నాకు రెండు పుస్తకాల కాలం పట్టింది.

"ఇకపై రాబోయే మాధ్యమాలన్నిటిలోనూ" అనే మాటకు అడ్డంగా గీత గీస్తాను. 2012లో చట్టానికి చేసిన సవరణ ప్రకారం, సంతకం నాటికి లేని మాధ్యమానికి, ఉన్నా వ్యాపార వాడుకలోకి రాని మాధ్యమానికి, దాన్ని ప్రత్యేకంగా పేర్కొంటే తప్ప బదలాయింపు వర్తించదు. చట్టం ఇచ్చిన ఆ గొడుగును మనమే ఎందుకు మూసుకోవాలి? ఈమధ్య ఒక యువకవి తెచ్చిన ఒప్పందంలో "యంత్రాల శిక్షణకు వినియోగించుకొనుటకు", అంటే కృత్రిమ మేధకు మన రాతలతో నేర్పడానికి, అనే ముక్క ఎక్కడో పదకొండో పేరాలో దాక్కుని ఉంది. కవికి అసలు పదకొండో పేరా ఉందనే తెలియదు. ఇవ్వాలనుకుంటే ఇవ్వవచ్చు, కాని ధర మాట్లాడుకుని, విడిగా.

గడువు, ప్రదేశం. గడువు లేకపోతే అయిదేళ్లని చెప్పాను. ప్రదేశం లేకపోతే భారతదేశం వరకే అని భావిస్తారు. నా మాదిరిగా ఖాళీ వదిలేసి చట్టం వచ్చి కాపాడుతుందని కూర్చోకండి. నాకు ఆ ఖాళీ కలిసొచ్చింది, అంతే. ఇప్పటి ఒప్పందాల్లో ఖాళీలు ఉండవు, "కాపీరైట్ ఉన్నంతకాలం, ప్రపంచమంతటా" అని నింపి ఉంటాయి. ఆ "ఉన్నంతకాలం" ఎంతో తెలుసా? మీ జీవితకాలం, మీరు పోయిన మరుసటి సంవత్సరం మొదటి రోజు నుంచి ఇంకో అరవై ఏళ్లు. శ్రీశ్రీ 1983లో కన్నుమూశారు. ఆయన రచనల మీద హక్కులు 2043 డిసెంబరు 31 వరకు ఉంటాయి. అంత పొడుగు కాలాన్ని మూడు వేలకు, ఇరవై అయిదు ప్రతులకు రాసివ్వడం ఎలాంటి పనో లెక్క వేసుకోండి. నేను మూడేళ్లు అంటాను, వాళ్లు పదేళ్లు అంటారు, అయిదేళ్ల దగ్గర ఆగుతాం.

అరవై ఏళ్ల సంగతి వచ్చింది కాబట్టి ఒక ముచ్చట. ఈ కాలం ఒకప్పుడు యాభై ఏళ్లే. 1941లో మరణించిన రవీంద్రనాథ్ ఠాగూర్ రచనల గడువు ముగిసే వేళకు ప్రభుత్వం దాన్ని అరవైకి పెంచింది. ఆయన రచనలు 2001 చివరి వరకు హక్కుల కిందే ఉన్నాయి. ఒక్క కవి కోసం మొదలైన చర్చ, నా కథలకు కూడా పదేళ్ల ఆయుష్షు కలిపింది.

రాయల్టీ లెక్క

"పది శాతం" అనగానే తల ఊపకండి. దేని మీద పది శాతం? పుస్తకం మీద ముద్రించిన ధర రెండు వందలు అనుకుందాం. ముద్రిత ధర మీద అయితే ప్రతికి ఇరవై రూపాయలు. "ప్రచురణకర్తకు చేరిన మొత్తం మీద" అని ఉంటే, అమ్మేవాళ్లకు నలభై శాతం తగ్గింపు పోగా చేరేది నూట ఇరవై, మీకు పన్నెండు. రెండు చోట్లా కనిపించేది పది శాతమే. నేను రెండో పద్ధతిని పూర్తిగా కాదనను, చిన్న ప్రచురణకర్తల ఇబ్బంది నాకు తెలుసు. కాని అప్పుడు శాతం పెరగాలి.

బదలాయింపు కాగితంలో రాయల్టీ గాని, మరే ప్రతిఫలం ఇస్తే అది గాని ఎంతో రాయాలని సెక్షన్ 19 చెబుతోంది. ఏయే హక్కులో, ఎంతకాలమో, ఎక్కడో కూడా. కాబట్టి అడగడానికి మొహమాటపడనక్కరలేదు, "చట్టం రాయమంటోందండీ" అంటే చాలు. దానితోపాటు నేను మూడు వాక్యాలు చేరుస్తాను. ఎన్ని ప్రతులు వేశారో, ఎన్ని అమ్మారో ఏటా ఫలానా తేదీకి రాతపూర్వకంగా చెప్పాలి. ప్రతి కొత్త ముద్రణకు ముందు నాకు కబురు చేయాలి. పుస్తకం దొరకకుండా పోయి ఏడాది దాటితే హక్కులు నాకు తిరిగి రావాలి. ఒక ప్రచురణకర్త మూడో వాక్యం చూసి నవ్వి, "మీ పుస్తకం ఎప్పుడూ స్టాకు ఉంటుంది లెండి" అన్నారు. అమ్ముడుపోదని దాని భావం. నేనూ నవ్వాను, వాక్యం మాత్రం ఉంచాను.

హక్కులు తీసుకుని వాడకుండా కూర్చునేవాళ్లూ ఉంటారు. బదలాయించిన తేదీ నుంచి ఏడాదిలోపు వాడుకోకపోతే, కాగితంలో వేరే విధంగా రాసి ఉంటే తప్ప, ఆ హక్కుల బదలాయింపు దానంతట అదే రద్దవుతుంది. "వేరే విధంగా" రాసి ఉందేమో వెతకడమే పెన్సిలు పని. "వినియోగించుకొనకపోయినను ఈ ఒప్పందము చెల్లును" అని ఉంటుంది, గ్రాంథికంలో. గ్రాంథికం కనిపిస్తే జాగ్రత్తపడాలన్నది నా సొంత సూత్రం. షరతులు మరీ కఠినంగా ఉంటే బదలాయింపును రద్దు చేయమని కోర్టును అడగడానికి సెక్షన్ 19ఎ ఉంది, కాని సంతకమైన అయిదేళ్లలోపు అలా రద్దు చేయరు. అయిదేళ్లు ఏడవడం కన్నా అయిదు నిమిషాలు చదవడం తేలిక.

అమ్మినా మీతోనే ఉండేది

నా కథ ముగింపు కోసినప్పుడు అక్క నాకు చూపించినది సెక్షన్ 57. కాపీరైట్ మొత్తం అమ్మేసినా రెండు హక్కులు రచయిత దగ్గరే ఉంటాయి, వీటినే నైతిక హక్కులు అంటారు. రాసింది నేనేనని చెప్పుకునే హక్కు ఒకటి, నా పేరుకు మచ్చ తెచ్చేలా రచనను కత్తిరించినా వక్రీకరించినా అడ్డుకునే హక్కు ఇంకొకటి. శిల్పి అమర్‌నాథ్ సెహగల్ ఢిల్లీ విజ్ఞాన్ భవన్ గోడ మీద ప్రభుత్వం కోసం పెద్ద కంచు శిల్పం చేశారు. 1979లో దాన్ని పెకలించి గోదాములో పడేశారు. శిల్పం ప్రభుత్వానిదే, డబ్బు ఇచ్చే చేయించుకుంది. అయినా 2005లో ఢిల్లీ హైకోర్టు మిగిలిన ముక్కలను శిల్పికి తిరిగి ఇమ్మంది, అయిదు లక్షల నష్టపరిహారం ఇమ్మంది.

ప్రతి చిన్న దిద్దుబాటుకూ ఈ సెక్షన్ ఎత్తుకోకూడదు. సంపాదకుడు వాక్యం సరిచేస్తే పరువు పోదు, చాలాసార్లు నిలబడుతుంది. కాని ఒప్పందంలో "రచయిత నైతిక హక్కులను వదులుకుంటున్నారు" అని ఉంటే నేను కొట్టేస్తాను. "రచయిత రాతపూర్వక అంగీకారం లేకుండా భాగాలు తొలగించరాదు" అని పైన రాస్తాను.

పత్రికలకు రాసేవాళ్లు ఒక తేడా గమనించాలి. పత్రికలో ఉద్యోగి అయితే, వేరే ఒప్పందం లేనప్పుడు, ఉద్యోగంలో భాగంగా రాసినదాన్ని పత్రికల్లో వేసుకునే హక్కు యజమానిది. పుస్తకంగా వేసుకునే హక్కు వంటి మిగతావన్నీ రాసినవాళ్లవే. ఉద్యోగి కాకుండా బయటినుంచి కథ పంపితే మొత్తం మీదే. పారితోషికం తీసుకున్నంత మాత్రాన పోదు. అనువాదకులు మూల రచన హక్కుదారు దగ్గర రాతపూర్వక అనుమతి తీసుకోవాలి. తీసుకుని చేసిన అనువాదం మీద వాళ్లకు సొంత కాపీరైట్ ఉంటుంది, దాన్నీ ఇలాగే పెన్సిలుతో కాపాడుకోవాలి.

మనం ఇతరులవి వాడుకునేటప్పుడు? "నాలుగు పంక్తుల వరకు ఫరవాలేదు" అని అందరూ అంటారు. ఆ నాలుగు చట్టంలో లేవు. విమర్శ కోసం, సమీక్ష కోసం, సొంత అధ్యయనం కోసం న్యాయమైన మేరకు వాడుకోవచ్చని సెక్షన్ 52 అంటుంది, పంక్తులు లెక్కపెట్టదు. సమీక్షలో ఉటంకిస్తే నిశ్చింత. నవలలో అధ్యాయానికొక పాట పల్లవి పెట్టాలనుకుంటే అనుమతి అడగండి.

పీడీఎఫ్ కనిపించినప్పుడు

అడగకుండా ఎవరో పెట్టిన తన పుస్తకం పీడీఎఫ్ ఇంటర్నెట్‌లో కనిపించడం ఇప్పుడు ప్రతి రచయితకూ జరిగేదే. ముందు తెరను ఫోటో తీసి, లింకు, తేదీ రాసిపెట్టుకోండి. కోపంతో ముందే సందేశం పెడితే అవతలివాళ్లు తీసేస్తారు, మీ దగ్గర ఆధారం మిగలదు. ఎవరో ఎక్కించిన దస్త్రాలను ఉంచే వెబ్‌సైటు అయితే 2013 నాటి కాపీరైట్ నిబంధనల్లో 75వది చూడండి. ఫిర్యాదులో ఏమేమి ఉండాలో అందులో ఉంది: ఏ రచన, అది మీదనడానికి ఆధారం, అక్కడున్నది సెక్షన్ 52 మినహాయింపుల్లోకి రాని దొంగప్రతి అని వివరణ, ఎక్కడ ఉంది, ఎక్కించినది ఎవరో తెలిస్తే ఆ వివరం. వాళ్ల మీద దావా వేసి, ఇరవై ఒక్క రోజుల్లో కోర్టు ఉత్తర్వు తెస్తానన్న హామీ కూడా ఉండాలి. ఫిర్యాదు సబబుగా ఉందనిపిస్తే వెబ్‌సైటు ముప్పై ఆరు గంటల్లో దాన్ని అందకుండా చేయాలి. ఉత్తర్వు రాకపోతే ఇరవై ఒక్క రోజుల తర్వాత తిరిగి పెట్టే అవకాశం ఉంది.

కావాలని చేసిన ఉల్లంఘన నేరం కూడా. ఆరు నెలల నుంచి మూడేళ్ల జైలు, యాభై వేల నుంచి రెండు లక్షల జరిమానా. అయితే ఈ అంకెలను అందరి మీదా విసరవద్దు. ఆధారం లేకుండా బెదిరిస్తే అవతలివాళ్లే మీ మీద దావా వేయడానికి సెక్షన్ 60 ఉంది. మా ఊళ్లో ఒక గ్రంథాలయం కుర్రాడు నా పుస్తకం పీడీఎఫ్ బృందంలో పెడితే ఫోను చేసి మాట్లాడాను. తీసేశాడు. మర్నాడు పుస్తకం కొనుక్కుని సంతకం కోసం వచ్చాడు.

ఇక వీలునామా. పొలం, ఇల్లు రాసేవాళ్లు కథలు రాయరు. మనం పోయాక అరవై ఏళ్లు ఎవరో ఒకరు ఈ హక్కులు చూసుకోవాలి. ఎవరో తేల్చకపోతే, పుస్తకం మళ్లీ వేద్దామనుకున్న ప్రచురణకర్త నలుగురు వారసుల సంతకాల కోసం నాలుగు ఊళ్లు తిరగలేక మానేస్తాడు. పేరు రాయండి. ఒక నోటుపుస్తకం కూడా పెట్టండి. నాది ఆకుపచ్చ అట్టది. ఒక్కో కథకు ఒక్కో పేజీ: ఎప్పుడు రాశాను, ఎక్కడ అచ్చయింది, ఏ హక్కు ఎవరికి ఇచ్చాను, ఎప్పటితో తీరుతుంది.

అందులో పదకొండో పేజీలో కిందటేడాది కొత్త పద్దు చేరింది. ఆడియో హక్కు, తెలుగు మాత్రమే, మూడేళ్లు, రాయల్టీ ఆరు నెలలకోసారి, భాగాలు తొలగించరాదు. రికార్డింగు రోజున నేను కూడా వెళ్లాను. చదివే అమ్మాయి గుమ్మం దగ్గర ఆగి, నీళ్లు తాగి, చివరి ఒకటిన్నర పేజీ చదివింది. నాలుగు నిమిషాలు పట్టింది.